ఎగ్లిస్‌రీడ్ పగటి దళం

పొద్దున పసుపుపచ్చ బస్సు కొండ దిగి వెళ్లిపోయాక ఎగ్లిస్‌రీడ్‌లో మిగిలేది ఆవులూ పిల్లులూ కేథి బీరీ అని ఆమె మొగుడు బెండిక్ట్ వేళాకోళం చేసేవాడు. చేసి, తానూ అదే బస్సెక్కి బెర్న్ నగరంలో ట్రాములు బాగుచేసే షెడ్డుకు పోయేవాడు. పాడంతా కేథి చేతుల మీదే నడిచేది.

ఆమె కాపురానికి వచ్చిన కొత్తలో ఈ ఊళ్లో ప్రతి ఇంటి ముందూ పేడకుప్ప ఉండేది. సాయంత్రమైతే పాలక్యాన్లు తోపుబండ్ల మీద పెట్టుకుని అందరూ జున్ను కేంద్రం దగ్గర చేరేవారు. ఎవరి ఆవు ఈనింది, ఎవరింట్లో పెళ్లి కుదిరింది, అన్నీ అక్కడే తెలిసేవి. ఇప్పుడు పాడి ఉన్న ఇళ్లు నాలుగే. జున్ను కేంద్రం మూతపడింది. పాలు లారీ వచ్చి పట్టుకుపోతుంది. చర్చి వెనక ఆపిల్ తోటలు కొట్టేసి వరసగా తెల్లటి ఇళ్లు కట్టారు. బెర్న్‌లో అద్దెలు భరించలేనివాళ్లు, పిల్లలకు కాస్త గాలీ వెలుతురూ కావాలనుకున్నవాళ్లు వచ్చి చేరారు. మూసేద్దామనుకున్న బడి పిల్లలతో నిండింది. ఊరు పెరిగింది. పగలు మాత్రం ఖాళీ అయిపోయింది.

ఆ ఖాళీ ఎంతటిదో ఏప్రిల్‌లో తేలింది.

కేథి ఊరి అగ్నిమాపక దళానికి నాయకురాలు. ఎవరి పనులు వాళ్లు చేసుకుంటూ, పిలుపొస్తే పరిగెత్తుకొచ్చే జనంతో నడిచే దళం అది. చాలా ఏళ్లు దాన్ని నడిపిన హన్సూలి గెర్బర్ వయసు మీరి తప్పుకున్నప్పుడు, ఆ బాధ్యతకు చెయ్యెత్తింది ఆమె ఒక్కతే. ఏప్రిల్‌లో ఒక మధ్యాహ్నం పైనుంచి తనిఖీ అధికారి చెప్పాపెట్టకుండా వచ్చి, దళం సంగతి చూద్దామని ఉత్తుత్తి ప్రమాద హెచ్చరిక పంపించాడు. దళంలో అందరి ఫోన్లూ మోగాయి. కానీ అవన్నీ బెర్న్ ఆఫీసుల్లో మోగాయి. ఫైరింజను దగ్గరికి వచ్చింది కేథి, చేతిలో పారతో అలాగే కుంటుకుంటూ వచ్చిన చర్చి తోటమాలి, అంతే. హన్సూలి కూడా వచ్చాడు, అయితే చూసి పోదామని.

అధికారి మంచివాడే, కేకలెయ్యలేదు. బండి బాగుంది, గొట్టాలు బాగున్నాయి, పట్టుకునే చేతులే లేవన్నాడు. ఆకులు రాలే కాలానికల్లా పరిస్థితి మారకపోతే, కొత్త సంవత్సరం నుంచి ఈ దళాన్ని రద్దు చేసి, కొండ కింది మోర్‌ష్టెటెన్ పట్నం దళంలో కలిపేస్తామని చెప్పి వెళ్లాడు.

అతని కారు మలుపు తిరిగాక హన్సూలి ఫైరింజను మీద చెయ్యి వేసి నిలబడ్డాడు.

“తాళాలు ఇచ్చెయ్ కేథీ. రాత్రి పడుకోడానికొచ్చేవాళ్ల ఊరైపోయింది మనది. పడుకునేవాడు మంటలార్పుతాడా?”

“పగలు ఊళ్లో ఎవరూ లేరని నీకెవరు చెప్పారు?”

“ఎవరున్నారేంటి? పాలు తాగే పిల్లలూ వాళ్ల తల్లులూ.”

అతను వెక్కిరింతగా అన్నాడు. కేథికి ఆ మాట ఇంకోలా వినబడింది.

మర్నాడు పాలపని ముగించి, బూట్లు కడుక్కుని, తెల్ల ఇళ్ల వీధికి వెళ్లింది. ఇన్నేళ్లలో ఆ వీధిలో ఒక్క గుమ్మం కూడా ఎక్కలేదని అప్పుడు గుర్తొచ్చి సిగ్గుపడింది. మొదటి ఇల్లు గ్రసిండాది. పోర్చుగల్ మనిషి, ఆసుపత్రిలో రాత్రి డ్యూటీ నర్సు. తలుపు తీసి, ఎదురుగా ఆవుల కేథిని చూసేసరికి ఆమె ముఖం బిగుసుకుంది.

“ఆవుల మెడగంటల మోత గురించి ఫిర్యాదు చేసింది నేను కాదండీ” అంది ముందే.

కేథికి నవ్వొచ్చింది. పగలు పిలుపొస్తే పరిగెత్తుకొచ్చేందుకు దళంలో చేరమని అడిగింది. గ్రసిండా తలుపు పూర్తిగా తెరిచింది.

“మా పెద్దాడు పుట్టకముందు నుంచీ ఈ ఊళ్లోనే ఉంటున్నాం. వచ్చి నన్ను సాయం అడిగిన మొదటి మనిషి మీరే” అంది. తర్వాత, “బూట్లు చిన్న సైజువి ఉన్నాయా?” అని అడిగింది.

పక్కింటి సిమోన్‌కు అప్పుడే నడక నేర్చిన కవలలు. పెళ్లికి ముందు ఆమె బీరు పీపాల లారీ నడిపింది. ఫైరింజను నడపాలని చెప్పగానే ఆమె కళ్లు మెరిశాయి. వీధి చివర రేటో అనే యువకుడు ఇంట్లోనే కంప్యూటరు ముందు కూర్చుని బీమా లెక్కలు వేసుకుంటాడు. నిప్పుకైతే భయపడను గానీ ఆవంటే భయం అని ఒప్పుకున్నాడు. రైలు డ్రైవరుగా రిటైరైన ఎమిల్‌కు యంత్రం ఏదైనా ఒకటే. నీటి పంపు అతనికి అప్పజెప్పింది. ఇక పిలుపొస్తే పిల్లల్ని ఎవరు చూస్తారన్న ప్రశ్న మిగిలింది. ఎమిల్ భార్య హెడీ ఊరిపెద్దల దగ్గరికి వెళ్లి జున్ను కేంద్రం తాళాలు తెచ్చుకుంది. ఫోను మోగితే పిల్లలందరినీ తెచ్చి అక్కడ వదిలి పొండి, మీరు తిరిగొచ్చేదాకా నాది పూచీ అంది.

ఊళ్లో పాతవాళ్లు తమలో తాము చిన్నా పెద్దా లేకుండా నువ్వు అనుకుంటారు. కొత్తవాళ్లను ఎన్నేళ్లయినా మీరు అంటారు. మొదటి రోజే కేథి ఆ తేడా తీసేసింది. నిప్పు దగ్గర మర్యాదలకు టైముండదు, దళంలో అందరూ నువ్వేనని చెప్పింది.

ఊరి మధ్యనున్న ‘ఎలుగుబంటి’ సత్రంలో సాయంత్రాలు ఇదే కబురైంది. హన్సూలి వాళ్లకు ‘పాలసీసాల దళం’ అని పేరు పెట్టాడు. ఆ పేరు విని బెండిక్ట్ కూడా ఒకసారి నవ్వాడు. పెళ్లాం ముఖం చూశాక మళ్లీ నవ్వలేదు. కేథికి మనసులో కష్టంగానే ఉండేది, కానీ సాధన ఒక్క వారమూ ఆపలేదు. గొట్టాలు పరిపించింది, చుట్టించింది, మళ్లీ పరిపించింది. తన కొట్టంలోనే వాళ్ల కళ్లకు గంతలు కట్టి ఆవుల గొలుసులు విప్పడం నేర్పింది. బెదిరిన ఆవు వెనక్కి లాగుతుంది, గొలుసు బిగుసుకుంటుంది, ఎంత పీకినా కొక్కెం ఊడదు. భుజంతో ఆవును ముందుకు తోస్తే గొలుసు వదులై వచ్చేస్తుందని చూపించింది. రేటో మొదటిసారి తోసినప్పుడు ఆవు తిరిగి అతని చెవి నాకింది. అతను కొట్టంలోంచి బయటికొచ్చి చాలాసేపు గోడకానుకుని నిలబడ్డాడు. తర్వాతి వారం మళ్లీ వచ్చాడు.

ఆ ఏడు జూలైలో వానలు విడవలేదు. ఎండ మొహం చూపించిన కాస్తలోనే అందరూ గడ్డి కోసి హడావిడిగా అటకెక్కించారు. సరిగ్గా ఆరని గడ్డిని బిగించి పేరిస్తే లోపల్లోపల మగ్గి, వేడెక్కి, తనంతట తానే అంటుకుంటుంది. అందుకని దళం పాడి ఉన్న ఇళ్లకు వెళ్లి, గడ్డిలో పొడుగాటి చువ్వ గుచ్చి వేడి చూస్తుంది. హన్సూలి వాళ్లను గుమ్మంలోనే ఆపేశాడు.

“ఆ చువ్వ పట్టుకోడం నీకు నేర్పింది నేను. నా గడ్డి సంగతి నాకు తెలుసు” అన్నాడు.

కేథి వాదించలేదు. అయితే వెనక్కి వచ్చేముందు తనవాళ్లను ఆ ఇంటి చుట్టూ తిప్పింది. నీటి కుళాయి ఎక్కడుందో, కొట్టానికి తలుపులు ఎటున్నాయో, గొట్టం ఏ దారిన లాగాలో చూపించింది. హన్సూలి కిటికీలోంచి చూస్తూ ఈలవేశాడు.

ఆగస్టులో ఒక మధ్యాహ్నం కేథి దూడలకు నీళ్లు పెడుతుంటే గాలిలో మాడిన చక్కెర లాంటి వాసన, మగ్గిన గడ్డి అంటుకునే ముందు వచ్చేది, తగిలింది. తల ఎత్తింది. హన్సూలి ఇంటి కప్పు సందుల్లోంచి పసుపు పొగ పాకుతోంది. ఈగల బాధకు పగలు ఆవుల్ని లోపలే కట్టేసి, చల్లబడ్డాక మేతకు వదిలే రోజులవి. ఆ ఇంటి మందంతా అటక కిందే ఉంది. కొడుకు బెర్న్‌లో ఉన్నాడు. హన్సూలి ఒక్కడే.

ఆమె ఫోనులో దళం హెచ్చరిక బటన్ నొక్కింది. తెల్ల ఇళ్ల వీధిలో తలుపులు ఒక్కసారిగా తెరుచుకున్నాయి. సిమోన్ చెరో చంకలో ఒక బిడ్డతో హెడీ దగ్గరికి పరిగెత్తింది. రాత్రంతా డ్యూటీ చేసి పడుకున్న గ్రసిండా, నైటీ మీదే దళం కోటు తొడుక్కుని వచ్చింది. కేథి ఫైరింజను షెడ్డు చేరేసరికి ఇంజను స్టార్టయి ఉంది.

ఆ ప్రాంతపు ఇళ్లన్నిటిలాగే హన్సూలి ఇల్లూ కొట్టమూ ఒకే పెద్ద కప్పు కింద ఉన్నాయి. కొట్టం పోతే ఇల్లూ పోతుంది. కేథి ఎమిల్‌ను కుళాయి దగ్గర దించి, సిమోన్‌తో కలిసి గొట్టం మధ్యగోడ వైపు లాగింది. దారి వాళ్లకు కొత్త కాదు. ఎమిల్ చెయ్యెత్తాడు, నీళ్లు వచ్చాయి. గ్రసిండా, రేటో కొట్టంలోకి దూరారు.

లోపల హన్సూలి అప్పటికే సగం ఆవుల్ని విప్పాడు. మిగతావాటిని వాళ్లిద్దరూ చెరో వైపు నుంచీ విప్పుకుంటూ వచ్చారు. చివరి ఆవు మందకు ముందు నడిచేది, అతని గర్వం. అది బెదిరి, కాళ్లు తన్ని పెట్టి, గొలుసు మీద వెనక్కి వాలిపోయింది. హన్సూలి దగ్గుతూ కొక్కెం పట్టుకుని పీకుతున్నాడు. పైన చెక్కలు చిటపటలాడుతున్నాయి. గ్రసిండా అతని రెండు భుజాలూ పట్టుకుంది.

“పెద్దాయనా, నువ్వు బయటికి నడు.”

“నా ఆవు...”

“ఆవును అతను చూస్తాడు. నిన్ను నేను చూస్తాను. నడు.”

రోగుల్ని లేపి నడిపించే చేతులవి. అతన్ని తిప్పి, బయటికి తీసుకుపోయాయి. రేటో ఆ పెద్ద ఆవు వెనక చేరి, కళ్లు మూసుకుని, భుజం ఆనించి తోశాడు. అది కదల్లేదు. ఏదో తిట్టు తిట్టి మళ్లీ తోశాడు. గొలుసు వదులైంది. మరుక్షణం ఆవు అతన్ని ఈడ్చుకుంటూ తలుపులోంచి వెలుతురులోకి దూకింది. కాసేపటికి వాళ్ల వెనక అటకలో కొంత భాగం కూలింది.

మోర్‌ష్టెటెన్ బండి వచ్చేసరికి మంట మధ్యగోడ దగ్గర ఆగిపోయి ఉంది. దాంట్లోంచి ముగ్గురే దిగారు. తక్కినవాళ్లు బెర్న్‌లో ఉన్నారని వాళ్ల నాయకుడు తల వంచుకుని చెప్పాడు. మిగిలిన పని అందరూ కలిసి పూర్తిచేశారు. కొట్టం కప్పు పోయింది, గడ్డి పోయింది. ఇల్లు నిలిచింది. ఆవులన్నీ ఎదురుగా ఆపిల్ చెట్ల కింద నిలబడి, ఏమీ ఎరగనట్టు మేస్తున్నాయి.

సాయంత్రం పసుపు బస్సు కొండెక్కి వచ్చి, రోడ్డు మీద పరిచిన గొట్టాల ముందు ఆగింది. సంచులు భుజాన వేసుకుని జనం దిగారు. గట్టు మీద మసి ముఖాలతో కూర్చున్న నలుగురూ, వాళ్ల మధ్య నైటీ అంచు కనబడుతున్న గ్రసిండా, కాలిన కప్పు, దాని పక్కనే చెక్కుచెదరని ఇల్లు. బస్సు డ్రైవరే ముందు చప్పట్లు మొదలుపెట్టాడు. ఆ తర్వాత రోడ్డంతా చప్పట్లు. బెండిక్ట్ గుంపులోంచి వచ్చి కేథి హెల్మెట్ తన చేతుల్లోకి తీసుకుని పక్కన నిలబడ్డాడు. ఆమె అంత అలసటలోనూ లోపల్నించి పొంగుతున్నదాన్ని ఆపుకోలేక నవ్వేసింది.

హన్సూలి గట్టు దాకా నడిచొచ్చి గ్రసిండా ముందు చెయ్యి చాచాడు.

“నేను హన్సూలిని. లోపల నన్ను నువ్వు అన్నావు. ఇక ఎప్పటికీ అలాగే పిలువు.”

ఆమె చెయ్యి కలిపింది. అతను కేథి వైపు తిరిగాడు.

“ఆ చువ్వ గుచ్చనిచ్చి ఉండాల్సింది.”

“అవును” అంది కేథి. అంతకంటే మెత్తగా చెప్పాలనిపించలేదు. అతనూ తల ఊపి ఒప్పుకున్నాడు.

నవంబరులో బడి హాల్లో ఊరి సభ జరిగింది. మామూలుగా సగం కుర్చీలు ఖాళీగా ఉంటాయి. ఆ రోజు జనం కిటికీ గట్ల మీద కూడా కూర్చున్నారు. తెల్ల ఇళ్లవాళ్లు పాతవాళ్ల మధ్య ఎక్కడ చోటు దొరికితే అక్కడ కూర్చున్నారు. అంతకు ముందే తనిఖీ అధికారి చెప్పకుండానే మళ్లీ వచ్చి, హెచ్చరిక మోగించి, నీళ్లు వచ్చిన వేగం చూసి, తన వైపు నుంచి అభ్యంతరం లేదని రాసిచ్చి వెళ్లాడు. దళాన్ని ఉంచాలా వద్దా అన్నది ఇప్పుడు ఊరి చేతుల్లో ఉంది. హన్సూలి లేచాడు. ఎగ్లిస్‌రీడ్ పడుకునేవాళ్ల ఊరని తను సత్రంలోనూ అన్న మాట సగం ఊరు విన్నదేననీ, దాన్ని అందరి ముందూ వెనక్కి తీసుకుంటున్నాననీ చెప్పి కూర్చున్నాడు. ఉంచాలన్నవాళ్లు చేతులెత్తమన్నారు. లెక్కపెట్టేవాడు హాలంతా లేచిన చేతుల్ని ఒకసారి చూసి, కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు.

అప్పుడు వెనక వరసలో అతిథిగా కూర్చున్న మోర్‌ష్టెటెన్ నాయకుడు గొంతు సవరించుకుని లేచాడు. తమ పట్నంలోనూ పగలు మనుషులు దొరకడం లేదనీ, ఎగ్లిస్‌రీడ్ పగటి దళాన్ని తమకూ పంపించే వీలుందా అనీ అడిగాడు. హాలు పైకప్పు ఎగిరిపోయేలా నవ్వులు. చెట్టంత మనిషి హన్సూలి కళ్లు తుడుచుకుంటూ నవ్వాడు.

అందరూ కేథి వైపు చూశారు. ఆమె లేచి తన దళం వైపు చూసింది. గ్రసిండా తల ఊపింది, సిమోన్ తల ఊపింది. రేటో, అక్కడ ఆవులున్నాయా అని అడిగాడు.

“పంపిస్తాం” అంది కేథి. “అయితే మా బండి మీద మా ఊరి పేరే ఉంటుంది.”