ఓడలో అలిగిన బావమరిది

సినిమావాళ్లు ఆయన్ని రాకెట్టుగారు అనేవారు. వేరే గ్రహాల కథలు తప్ప ఇంకోటి రాయని రచయితకి ఇంకే పేరొస్తుంది? పాపం, ఆయన రాసిన అంతరిక్ష ఓడ ఒక్కటీ నేల విడిచింది లేదు. పాత సినిమాకి వేసిన కోర్టు సెట్టు ఖాళీగా ఉందంటే గ్రహాంతరవాసి బోనెక్కేవాడు. ఆసుపత్రి సెట్టు మిగిలిపోతే వాడికి జ్వరం వచ్చేది. నిర్మాత ఏది చూపిస్తే అందులో కథని ఇరికించి, ఇంటికొచ్చి పళ్లు నూరుకోవడమే ఆయన వృత్తి అయిపోయింది.

ఈసారి మాత్రం భీష్మించుకున్నారు. ఓడ ఎగరాల్సిందే, లేదంటే రాయడం మానేస్తానన్నారు.

కథ పూర్తికాగానే అలవాటు ప్రకారం ముందు భార్యకి చదివి వినిపించారు. ఆవిడ బట్టలు మడతపెడుతూ మొత్తం వింది.

"బాగానే ఉంది గానీ, వీళ్లెవరూ మనుషుల్లా లేరండీ."

"వ్యోమగాములే!"

"అయితే మాత్రం? ఏళ్ల తరబడి ఒకే కొంపలో ఉన్నట్టేగా. ఒక్కళ్లూ ఇంకొకళ్ల మీద విసుక్కోరేం?"

ఆయనకి ఒళ్లు మండింది. మండుతూనే కూర్చుని తిరగరాశారు. ఓడ నడిపే కెప్టెనుకి ఒక భార్యని, అత్తగారిని, మాటకి ముందే అలిగే బావమరిదిని తగిలించారు. స్నానాలగది ఒక్కటే పెట్టారు.

నిర్మాత ఆఫీసులో కథ చెప్పిన రోజు అన్ని పాత్రలూ ఆయనే అయిపోయారు. అత్తగారిలా మూతి తిప్పారు, బావమరిదిలా ముఖం మాడ్చుకున్నారు, మధ్యమధ్య నోటితోనే ఇంజను మోగించారు. నిర్మాత పొట్ట పట్టుకుని నవ్వాడు. నిర్మాత దగ్గరే మేనేజరు పని చూసే ఆయన సొంత బావమరిది కుర్చీలోంచి జారిపోయాడు.

"అదిరిపోయింది రాకెట్టుగారూ," అన్నాడు నిర్మాత కళ్లు తుడుచుకుంటూ. "ఇంత చక్కటి సంసారానికి ఓడ దేనికండీ? మన దగ్గర ఇల్లు సెట్టుంది. అందులో లాగించేద్దాం."

బాగా రాసినందుకే ఓడ చేజారిపోతోంది. రాకెట్టుగారికి ఏడుపొక్కటే తక్కువ.

"ఇంట్లో కుదరదండీ," అన్నారు. "ఇంట్లో అయితే బావమరిది అలిగి వీధిలోకి పోతాడు. ఓ టీ తాగుతాడు, చల్లబడతాడు, మన కథ అక్కడితో సరి. ఓడలో అలిగితే ఎక్కడికి పోతాడు? తిట్టిన బావ పక్కనే కూర్చుని తినాలి. రేపూ తినాలి, ఎల్లుండీ తినాలి. అందుకండీ ఓడ."

నిర్మాత నవ్వు ఆగిపోయింది. తల తిప్పి మేనేజరు వైపు చూశాడు. మేనేజరు కూడా బావ వైపే చూస్తున్నాడు.

"ఓడ కట్టిద్దాం," అన్నాడు నిర్మాత నీరసంగా.

రాకెట్టుగారి కళ్లలో నీళ్లు తిరిగాయి. జన్మకి ఇది చాలనిపించింది.

"కాకపోతే ఇంటర్వెల్ తర్వాత ఓ పాట పడాలి. అందరూ ఓడ దిగి ఆరుబయట డాన్సు చెయ్యాలి."

"ఆరుబయట గాలి ఉండదండీ."

నిర్మాత గడ్డం గోక్కుంటూ నిజంగానే ఆలోచించాడు.

"అయితే పాట చిన్నది పెట్టండి."

రాకెట్టుగారు వాదించలేదు. ఓడ ఎగురుతోంది, అంతకన్నా ఏం కావాలి? చరణాలు రెండూ కొట్టేసి, ఊపిరి బిగపట్టి పాడగలిగినంత పల్లవి మాత్రం ఉంచుతానని మాటిచ్చారు.