తొందర లేని మనుషులు

కుట్టుమిషను వరండాలోంచి కదిలితే ఇంటి కళ పోతుందని అత్తగారు, కదలకపోతే తన పేరు పోతుందని కోడలు. పొద్దున మొదలైన వాదన మధ్యాహ్నమైనా తెగలేదు. ఇద్దరి మాటా నిజమేనని చెప్పి మొగుడు మెల్లగా పనిలోకి జారుకున్నాడు.

కోడలు దర్జీ. ఆమె కుట్టుకు వంకపెట్టినవాళ్లు లేరు. చిక్కంతా వరండాతోనే. పని మీద ఇద్దరొస్తే, పనిలేక నలుగురొచ్చి మిషను చుట్టూ చేరతారు. వాళ్లందరికీ అత్తగారే పెద్దదిక్కు. ఒకావిడ మోకాళ్ల నొప్పులు చెబుతుంది, ఇంకొకావిడ తోడికోడలి ఆగడాలు. ‘అయ్యో’ అనకపోతే పొగరంటారు. అన్నప్పుడల్లా కుట్టు ఆగుతుంది. బజారులో చిన్న గది ఒకటి ఖాళీగా ఉంది. దానికి తలుపుంది. కోడలి ఆశంతా ఆ తలుపు మీదే.

అంతలో, ప్యాంటు పొడవు తగ్గించమని ఇచ్చిన పరదేశపు ఆవిడ మళ్లీ వచ్చింది. ప్యాంటు మడత విప్పనేలేదు. కోడలికి తల కొట్టేసినట్టయింది. ఆవిడ మాత్రం హాయిగా అందరి మధ్యా కూర్చుంది. ఎదురింటావిడ వయసూ, జీతం, పెళ్లి సంగతీ వరసగా ఆరా తీస్తుంటే, ఎంత ఆపేక్షో అని మురిసిపోయింది. దాన్ని ఆపేక్ష అన్న మనిషి ఆ వీధిలో అంతవరకూ పుట్టలేదు.

లేస్తూ, వచ్చీరాని మాటల్లో అంది: “మీ దేశం మనుషులు మంచివాళ్లు. ఎవరికీ తొందర లేదు. మా దగ్గర చెప్పిన రోజుకి ఇవ్వకపోతే తగువే. ఇక్కడ ఎప్పుడిస్తే అప్పుడే. నాకు అదే నచ్చింది.”

“విన్నావా? పైదేశపు మనిషికి తెలిసింది, నీకు తెలీలేదు,” అన్నారు అత్తగారు.

తిట్టి ఉంటే కోడలు పడేది. ఈ మెచ్చుకోలు మాత్రం సూదిలా దిగింది. ఆవిడ తన ఊరు వెళ్లి దేశమంతటి గుణం చెప్పడానికి తను కుట్టని ప్యాంటే దొరికిందా? ఆవిడను మళ్లీ కూర్చోబెట్టి, అక్కడికక్కడే అంచు మడిచి కుట్టేసింది. ఒక్కసారి కూడా ‘అయ్యో’ అనలేదు. మోకాళ్ల ఆవిడ మూతి ముడుచుకుని వెళ్లిపోయింది. ప్యాంటు అందుకుంటున్న పరదేశపు ఆవిడ కూడా కాస్త నిరాశపడ్డట్టే కనిపించింది.

రాత్రి కోడలు అందరికీ వడ్డించి, తనూ కంచం ముందు కూర్చుంది.

“సోమవారం నుంచి మిషను బజారు గదిలో ఉంటుంది,” అంది మామూలుగా.

మొగుడు తలూపాడు. పిల్లలు నానమ్మ వైపు చూశారు.

“అక్కడ కూర్చోవడానికి ఏముందే?” అన్నారు అత్తగారు.

“ఒక్క స్టూలు, అత్తయ్యా. దాని మీద నేను కూర్చుంటాను.”