తర్కం సారు తోటి వేషం

దేవుణ్ణి నమ్మని గంగాధరం ఒంటికి బొగ్గుపొడి పూయించుకుంటున్నాడన్న కబురు వీధి చివరి టీ అంగడికి ఇట్టే చేరిపోయింది. కాలేజీలో తర్కశాస్త్రం చెప్పి రిటైరైన మనిషి ఆయన. గంగమ్మ జాతరకు తిరుపతి అంతా వేషాలు కట్టి ఊగుతుంటే, తలుపు బిడాయించుకుని చదువుకునేవాడు. ఈ ఏడు ఆ తలుపు భార్య మునిరత్నమ్మ తీయించింది.

నిరుడు ఆయన గుండెకు ఆపరేషన్ జరుగుతున్నప్పుడు ఆమె మొక్కుకుంది, మనిషి దక్కితే తోటి వేషం వేయిస్తానని. ఒంటికి బొగ్గు పూసుకుని, వేపమండలు చుట్టుకుని, ఊరికి ఊడిగం చేసే తోటివాడి రూపంలో వీధిలోకి వచ్చినవాడు ఎదురైన పెద్దమనిషిని ఒక్కణ్ణయినా నోరారా తిట్టాలి. తిట్టు తిన్నవాడు కోపగించుకోకూడదు, దండం పెట్టాలి. తిట్టనిదే మొక్కు తీరదు.

"నన్ను బతికించింది డాక్టరు," అన్నాడు గంగాధరం.

"డాక్టరు పని డాక్టరు చేసినాడు. ఆడ వరండాలో నాకేం పని ఉండె? మొక్కుకున్నా. మొక్కు నాది, ఒళ్ళు మటుకే నీది. ఒక్క పూట ఇయ్యలేవా?"

ఆ వాదంలో ఆయనకు దోషం దొరకలేదు. పైగా ఆమె ఎడమచేయి విరిగి పుత్తూరు కట్టులో ఉంది. ఇంటి ముందరి మురికికాలువకు మూత లేక, పోయిన నెల చీకట్లో జారిపడింది. మూత వేయించమని వార్డు నాయకుడు మునిశేఖర్‌ను ఎన్నిమార్లు అడిగినా "అయిపోతాది సార్" అనడమే. అతను గంగాధరానికి ఒకప్పటి శిష్యుడు, ఇప్పుడు వీధి జాతర కమిటీకి అధ్యక్షుడు.

పూత సగంలో ఉండగా అతనే వచ్చాడు.

"సార్, మీరా! శానా సంతోషం. అయితే ఒక మాట. ఈరోజు పార్టీ పెద్దలు వస్తా ఉండారు. ఈ తూరి తిట్లు వద్దనుకున్నాం. అనాగరికమని క్లాసులో మీరే చెప్తిరి గదా."

బొగ్గు అద్దుతున్న మునిరత్నమ్మ చేయి ఆగిపోయింది. "తిట్టకుంటే నా మొక్కు యాడ తీరుతాది శేఖరా?"

"అమ్మోరికి దండం పెడితే సాల్లే అక్కా," అంటూ అతను వెళ్ళిపోయాడు.

గంగాధరం సంతోషించవలసింది. ఆ మాట తాను చెప్పిందే. కానీ ఇప్పుడు లెక్క వేరుగా కనిపించింది. పల్లకి ఉంటుంది, పూలు ఉంటాయి, నాయకుడి ఫ్లెక్సీ ఉంటుంది. ఏడాదికి ఒక్కసారి విప్పే కిందివాడి నోరు మాత్రం ఉండదు.

"ఆ చెవికి కూడా పూయి," అన్నాడు భార్యతో.

డప్పులు మోగుతుండగా, పట్టుకండువా వేసుకుని అతిథులతో వస్తున్న మునిశేఖర్‌కు గంగాధరం అడ్డం నిలిచాడు. గొంతు సవరించుకున్నాడు.

"మునిశేఖర్! విధ్యుక్తధర్మాన్ని విస్మరించిన నీ వైఖరి మిక్కిలి గర్హనీయం!"

డప్పులు ఆగిపోయాయి. ఎవరికీ ఏమీ అర్థం కాలేదు.

"తిట్టమంటే ఉపన్యాసం ఇస్తా ఉండావేంది సామీ!" అని అరుగు మీదనుంచి మునిరత్నమ్మ కేకేసింది. జనం గొల్లుమన్నారు. మునిశేఖర్ కూడా నవ్వి, "అయిపోయె, పదండి పదండి," అన్నాడు.

అలవాటున ఎడమచేత్తో కొంగు సర్దుకోబోయి మునిరత్నమ్మ ముఖం చిట్లించింది. గంగాధరం అది చూశాడు. చదివిన పుస్తకాలన్నీ పక్కకు తప్పుకున్నట్టయింది.

"ఒరే శేఖరా! దున్నపోతా! ఓట్లప్పుడు ఇంటింటికీ ఊరకుక్క మాదిరి తిరిగితివే, ఆ కాలవకు మూత ఎయ్యను నీ చేతులకేం రోగమొచ్చెరా? నా పెండ్లాం చెయ్యి ఇరిగె గదరా, సోంబేరి నాయాలా!"

వీధంతా మునిశేఖర్ వైపు చూసింది. అతిథులూ చూశారు. అతని ముఖం ఎర్రబడింది. అయినా ఆ వీధిలో పుట్టినవాడు. భుజం మీది కండువా తీసి నడుముకు చుట్టుకుని, బొగ్గు పూసిన మనిషికి రెండు చేతులూ జోడించాడు.

"సల్లగా దీవించు సామీ," అన్నాడు మెల్లగా.

డప్పులు ఒక్కసారిగా విరుచుకుపడ్డాయి.

ఇంటికొచ్చాక మునిరత్నమ్మ నూనెగుడ్డతో, ఉన్న ఒక్క చేత్తోనే, ఆయన వీపు తుడిచింది.

"ఆ మాటలు యాడ నేర్చినావు?"

"చిన్నప్పుడు, పాకాలలో. మాయమ్మ మా నాయనను తిట్టేది."

ఆమె కట్టును పట్టుకుని నవ్వింది.

"మొక్కు తీరిందా?" అని అడిగాడు.

"తీరింది."

"నాకు నమ్మకం లేదు, మే."

"తెలుసులే. చెవి ఎనక ఇంకా ఉండాది, తల తిప్పు."

ఆయన బుద్ధిగా తల తిప్పాడు. "కాలవకు మూత ఏస్తాడంటావా?"

"ఎయ్యకపోతే సూద్దాం. మిగిలిన బొగ్గుపొడి డబ్బాలో పోసి పెట్టినా."