ఆస్పత్రి రీలు

ప్రభుత్వ వార్తాచిత్రాల విభాగంలో కెమెరా మోస్తూనే అతని తల నెరిసింది. మంత్రిగారు రిబ్బను కత్తిరించి వంతెన తెరిచినా, కాలువకు నీళ్లు వదిలినా అతనే తీయాలి. ఏ కోణంలో తీస్తే ఆయన పొట్ట కనపడదో అతనికే తెలుసు. ఆఫీసులో అందరూ "రిబ్బను మాస్టారు" అని పిలిచేవాళ్లు. మొదట్లో తనూ నవ్వేవాడు. రాను రాను ఆ పిలుపు వింటే నోరు చేదెక్కేది.

అక్క వాళ్ల ఊరి దగ్గర కొత్త ఆస్పత్రి తెరిచినప్పుడూ అతనే తీశాడు. వరుసగా మంచాలు, తెల్లటి దుప్పట్లు, వాటి కింద నవ్వాపుకుంటున్న గుమాస్తాలు. మంత్రిగారి కారు మలుపు తిరిగిందో లేదో, మంచాలన్నీ లారీ ఎక్కాయి.

"ఎక్కడికయ్యా ఇవి?"

"పక్క జిల్లాకి సార్. రేపక్కడ ప్రారంభోత్సవం" అన్నాడు డ్రైవరు.

అతను లెన్సుకు మూత పెట్టేశాడు. ఆ రీలు సినిమాహాళ్లన్నిటిలో ఆటకు ముందు ఆడింది.

ఆ వానాకాలం బావకు ఉన్నట్టుండి గుండెల్లో నొప్పి వచ్చింది. అక్క ఆయన్ని జీపులో ఆ ఆస్పత్రికే తీసుకెళ్లింది. గేటుకు తాళం వేసి ఉంది. పట్నం దారిలోనే బావ ప్రాణం పోయింది.

అతను వెళ్లేసరికి అక్క గోడకు ఆనుకుని కూర్చుని ఉంది.

"పట్నం పోదామన్నారు రా మీ బావ. నేనే వినలేదు. మా తమ్ముడు తీసిన బొమ్మలో చూశాను, మంచాలున్నాయి, డాక్టరున్నాడు అన్నాను. ఆ డాక్టరెవరు రా?"

"మా ఆఫీసు టైపిస్టు, అక్కా."



సెలవు అయిపోకముందే అతను కెమెరాతో ఆస్పత్రికి వెళ్లాడు. తాళం, పగిలిన కిటికీ, ఖాళీ వార్డులో పావురాల రెట్టలు, అన్నీ తీశాడు. గేటు ముందు అక్కను నిలబెట్టి మాట్లాడించాడు. చెబుతూ చెబుతూ ఆమె వెక్కి వెక్కి ఏడ్చింది. ఆ రీలు తమ విభాగం డైరెక్టరు ముందు వేసి చూపించాడు.

"భలే తీశావయ్యా! నాకొదిలెయ్, నేను చూసుకుంటాగా" అన్నాడు డైరెక్టరు పళ్లు కుట్టుకుంటూ.

కొన్నాళ్లకు అది హాల్లో పడింది. తెరంతా అక్క ముఖమే. పెదవులు కదులుతున్నాయి, గొంతు మాత్రం లేదు. దాని మీద వ్యాఖ్యాత గంభీరంగా చదువుతున్నాడు: "విశాలమైన వార్డు సిద్ధం. త్వరలో మరిన్ని పడకలు. ఆనందబాష్పాలతో కృతజ్ఞతలు తెలుపుతున్న స్థానిక మహిళ."

వెనకెవరో చప్పట్లు కొట్టారు. అతను బయటికి పరిగెత్తి గోడవారన భళ్లున కక్కుకున్నాడు.

మర్నాడు డైరెక్టరు ఎదురొచ్చి భుజం తట్టాడు. "ఆ ఏడుపు షాటు మంత్రిగారికి తెగ నచ్చేసిందయ్యా. నీ ప్రమోషన్ ఖాయం."

అతను కెమెరాను బల్ల మీద పెట్టేశాడు. "కంపు కొడుతోంది సార్. ఇక నా వల్ల కాదు."

"కెమెరా కంపేంటయ్యా?"

"మీకు తెలీదులెండి. అలవాటైపోయింది."

అతను నేరుగా అక్క దగ్గరికి వెళ్లి జరిగిందంతా చెప్పాడు.

"ఆ బొమ్మ నమ్మి ఇంకెవరైనా అక్కడికి పోతారేమో రా" అంది అక్క.

మర్నాటి నుంచి అక్కాతమ్ముళ్లిద్దరూ హాలు గేటు దగ్గర నిలబడ్డారు. ఆట వదిలాక బయటికొచ్చే వాళ్లతో, ఆ ఆస్పత్రికి తాళం వేసుంది, రోగులను తీసుకెళ్లకండి అని చెప్పసాగారు. పోలీసులు తరిమితే ఇంకో హాలు ముందుకెళ్లి నిలబడేవాళ్లు.