చెల్లి కొలతలు

నేను సినిమాలకు దుస్తులు చేసే మనిషిని. తెర మీద నా పేరు పడే సమయానికి జనం కుర్చీల కింద చెప్పులు వెతుక్కుంటుంటారు. అలవాటైపోయింది.

పని నేర్పిన మాస్టరు ఒక్క మాట మాత్రం గట్టిగా చెప్పేవాడు: "చావు సీను బట్టలు మనింటి మనిషి కొలతలతో కత్తిరించకమ్మా." ముసలాయన చాదస్తం అనుకున్నాను.

ఈ సినిమాలో నాయిక నీళ్లలో మునిగి చనిపోవాలి. వేషం వేయాల్సిన అమ్మాయి చివరి నిమిషంలో మారింది. కొత్తమ్మాయి కొలతలు రాలేదు, డైరెక్టరేమో నెత్తినెక్కి కూర్చున్నాడు. ఆమె మా చెల్లి ఒడ్డూ పొడుగే అన్నారు. చెల్లి కొలతలు నాకు నోటికొచ్చు. నీలం గౌన్లు రెండు, అచ్చం ఒకేలా కుట్టాను: ఒకటి సీనుకు, రెండోది మళ్లీ తీయాల్సి వస్తే. గుడ్డ ఒక్క పేలిక కూడా మిగల్లేదు.

రంగు దిగుతుందేమోనని ఒక గౌను అంచు బకెట్లో ముంచి చూశాను. ఇంటికి వెళ్తే చెల్లి గుమ్మంలో ప్యాంటు అంచులు పిండుకుంటోంది. బయట ఎండ మాడ్చేస్తోంది.

"ఎక్కడ తడిశావే?"

"ఏమోనక్కా. కుర్చీలో కూర్చునే ఉన్నా, ఉన్నట్టుండి కాళ్లు తడిసిపోయాయి. నవ్వకు."

నేను నవ్వలేదు.

మర్నాడు కెమెరావాళ్లు ఆ గౌనును బొమ్మకు తొడిగి, లైటు చూసుకోవడానికి నీళ్ల తొట్టిలో మెడదాకా దించారు. అప్పుడే నా ఫోను మోగింది. చెల్లి మాట్లాడటం లేదు, దగ్గుతోంది. "అక్కా... నోట్లోంచి నీళ్లు..." పరుగెత్తి బొమ్మను బయటికి లాగాను. దగ్గు ఆగింది.

"బొమ్మకు జలుబు చేస్తుందా మేడం?" అన్నాడు కెమెరా అసిస్టెంటు. వాడి నోరు పడిపోను!

గౌను మార్చమని డైరెక్టరును బతిమాలాను. "ఇవాళ పొద్దున గట్టు మీది సీన్లు ఇందులోనే తీసేశాం. రేపు పొద్దున అమ్మాయి ఇదే గౌనులో మునగాలి, అంతే," అన్నాడు.

కుట్లు విప్పి కొత్తమ్మాయి కొలతలకు మారుద్దామని టేపు పట్టుకుని వెళ్లాను. ఆ పిల్ల చేతులు చాచి నిలబడి, "అక్కా, చక్కిలిగింతలు!" అని కిలకిలా నవ్వింది. టేపు చుట్టేసుకుని వచ్చేశాను. ఏవో అంకెలు పెడదామంటే, అవి ఎవరి ఒంటికి సరిపోతాయో ఎవరికి తెలుసు? చివరికి కుట్ల లోపల దాచిన గుడ్డంతా వదిలి, రెండు గౌన్లనూ నా కొలతలకు మార్చాను. అమ్మాయికి వదులైతే వెనక పిన్నులు పెట్టొచ్చు, కెమెరాకు కనపడదు.

పొద్దున ఆ పిల్ల తొట్టిలోకి దిగుతుంటే చెల్లికి ఫోన్ చేశాను.

"ఎలా ఉన్నావే?"

"హాయిగా ఉన్నా. టీ తాగుతున్నా. ఎందుకు?"

పిల్ల తల మునిగింది. చెల్లి టీ చప్పరిస్తూనే ఉంది. నా ప్రాణం లేచొచ్చింది. ఆ వెంటనే గొంతులోకి చల్లటి నీళ్లు ఎగదన్నాయి. పిల్ల పైకి తేలేదాకా గోడ పట్టుకుని నిలబడ్డాను. చెప్పుల నిండా నీళ్లే.

"బాగుంది," అన్నాడు డైరెక్టరు. "ఇంకోసారి తీద్దాం. ఈసారి లోపల ఇంకాస్త ఎక్కువసేపు ఉండమ్మా. మేడం, రెండో గౌను!"

ఫోనులో చెల్లి అడుగుతోంది, "అక్కా, సాయంత్రం తొందరగా వస్తావా?"

"నాకోసం చూడకు. నువ్వు తినేసి పడుకో," అన్నాను. పిన్నులు నోట పట్టుకుని రెండో గౌను తీశాను.