తొమ్మిది దాటితే

పొద్దు పొడిచేసరికే బిక్షమ్మ చాటలో మగ్గానికి నూలు చుట్టిన కండెలు పోగుపడ్డాయి. కుడిచేత్తో రాట్నం తిప్పుతూ, ఎడమచేతి వేళ్ల సందున నూలు జారనిస్తూ, పోగు తెగితే పురిపెట్టి అతికిస్తూ, ఆమె తల ఎత్తలేదు. చూపుడువేలి మీద నూలు కోసిన గాడి నల్లబడి ఉంది. పద్నాలుగేళ్లకు మొగుడు పోయి పుట్టింటికొచ్చిన మర్నాడే తల్లి ఆమెను రాట్నం ముందు కూర్చోబెట్టింది. ఆ తల్లీ పోయాక పసివాడైన తమ్ముణ్ణి ఒళ్లో వేసుకుని చుట్టింది. గద్వాల దాపున ఆ ఊళ్లో నేతవాళ్ల ఇళ్లన్నిటా అదే తీరు: మగ్గం మగాడిది, కండె ఇంటి ఆడదానిది. కండెకు కూలి అడిగిన ఆడదాన్ని ఆ వాడలో ఎవరూ చూడలేదు.

ఆ రోజు తమ్ముడు వెంకటరాజానికి కాలు నిలవడం లేదు. గోడ మీద బొగ్గుతో అంకెలు రాస్తాడు, చెరుపుతాడు, వాకిట్లోకి పోతాడు, మళ్లీ వచ్చి రాస్తాడు. మగ్గానికి జకార్డు మిషను కావాలో వద్దో తేల్చుకోమని నేతగాళ్ల సొసైటీ మనిషి చెప్పిపోయాడు. రేపే గడువు.

ఇప్పుడైతే చీర అంచులో హంసలు పడాలంటే మగ్గం పక్కన కూలికొచ్చే నర్సింహ నిలబడి పైనున్న దారాలు లాగాలి. చీరకు రెండు రూపాయల కూలి. జకార్డు పెడితే ఆ పని అదే చేసుకుంటుంది, నర్సింహ అక్కర్లేదు. కానీ నేసినా నేయకపోయినా నెలకు పద్దెనిమిది రూపాయల కిస్తీ కట్టాలి.

"అక్కా, తేలింది!" అని కేకేశాడు. "నెలకు తొమ్మిది చీరెలు నేస్తే రెండూ బరాబరే. తొమ్మిది దాటిందా, మిషనే మేలు. తక్కువైతే నర్సింహనే మేలు."

"ఇప్పుడు ఏడే నేస్తున్నవ్ గదరా?"

"గది నర్సింహతోని. మిషనొస్తే పన్నెండు కొడ్త. ఎట్ల లేదన్నా పన్నెండు!"

బిక్షమ్మ చెయ్యి ఆగింది. ఏడు చీరలకు కండెలు అందించేసరికే భుజం పట్టేసి, పడుకుంటే ఒత్తిగిలలేకపోతోంది.

"పన్నెండింటికి కండెలు ఎవలు చుడ్తరు?"

"ఎవలేంది? నువ్వే."

"మరి గోడ మీద నేనెక్కడున్న?"

వెంకటరాజం గోడ వైపు చూసి పకపకా నవ్వాడు. చెడ్డవాడేం కాదు. పండగొస్తే ముందు అక్కకే చీర తెస్తాడు, ఆమెకు జ్వరమొస్తే దవాఖానకు తనే బండి కడతాడు. పెళ్లాం పోయాక ఆ ఇంట్లో మిగిలింది వాళ్లిద్దరే.

"నర్సింహంటే బయటోడు. నువ్వు ఇంట్ల మనిషివి, నీకేం లెక్కనే అక్కా?"

బిక్షమ్మకు ఒళ్లు మండింది. తమ్ముడి మీద కాదు. తన చాకిరీకి లెక్కే లేదని ఇన్నేళ్లూ తనకే తట్టనందుకు.

ఇక కూర్చోలేకపోయింది. లేచి నీళ్లు తాగింది. మళ్లీ కూర్చుంటే పోగు తెగింది. అతికితే మళ్లీ తెగింది. పోయిన సంతలో సత్తమ్మ కనపడి చెప్పిన మాట ఒకటే చెవిలో గింగురుమంటోంది. సత్తమ్మ గద్వాలలో సొసైటీ షెడ్డులో కూలికి కండెలు చుడుతుంది. "భుజం నొస్తే ఆ దినం పోనే పోను" అంది. అలా పోకుండా ఉండవచ్చని అప్పటిదాకా బిక్షమ్మకు తెలియదు.

అంబలి గిన్నె తమ్ముడి ముందు పెట్టి అంది: "నేను గద్వాల పోత. సత్తమ్మ కాడ ఉంట. షెడ్డుల చుడ్త."

"ఎన్ని దినాలు?"

"మల్ల రాను. నా భుజం ఏడింటికే ఆగుతలేదురా. పన్నెండింటికైతే సస్త."

"కోపమొచ్చిందా అక్కా?"

"సాదిన దాన్ని, నీ మీద కోపమెట్లొస్తది?" అంటూ దండెం మీది చీర లాగింది. "నన్నుగూడ రాసుకొని లెక్క జూడు."

రెండు చీరలు మూట కట్టుకుంది. వెంకటరాజం నవ్వుతూనే ఉన్నాడు. బస్సు దాకా పోయి తిరిగొస్తుందనుకున్నాడు. మధ్యాహ్నం బస్సు వచ్చింది, పోయింది. బిక్షమ్మ రాలేదు.

అతనే రాట్నం ముందు కూర్చున్నాడు. ఒక కండె చుట్టేసరికి నడుం విరిగినట్లయింది. సగం పొద్దు చుడుతూ సగం పొద్దు నేస్తే జకార్డు మీద కూడా ఆరు చీరలే. ఆరు ఎలా గుంజినా తొమ్మిది దాటదు. చుట్టేవాళ్లను పెట్టుకుందామంటే ఎవరింటి ఆడది వాళ్లింట్లోనే చుడుతోంది. అయ్యో, ఇంతేనా నా లెక్క, అని నెత్తి పట్టుకున్నాడు.

ఎండ తగ్గాక నర్సింహ బిక్కుబిక్కుమంటూ వచ్చాడు. పొద్దుటి నుంచీ అతనికీ అదే గుబులు.

"మిషనొస్తదా రాజన్నా? నేను వేరే పని జూసుకోవాల్నా?"

"రాదు."

"అయితే మగ్గం ఎక్కు మరి, నేద్దాం."

"ఆ చాటెడు కండెలు ఎన్ని దినాలకురా? అక్క పోయింది."

చేతనైనన్ని తనే చుడదామని నర్సింహ రాట్నం ముందు బిక్షమ్మ కూర్చునే గోనెపట్ట దులపబోయాడు.

"ముట్టకు!" అని అరిచాడు వెంకటరాజం.

నర్సింహ ఉలిక్కిపడి వదిలేశాడు. పట్ట ఒక మూల మడతపడింది. దాని కింద మట్టినేల ఒక మనిషి కూర్చున్నంత మేర గుంతపడి, నున్నగా ఉంది.