పగ తీరని పన్ను

వలకి నిప్పు పెట్టింది మన మనిషే. అగ్గిపుల్ల గీసిన ఆ చెయ్యి నా చెయ్యిలాగే నల్లది. తెల్లదొర పడవలోనే కుర్చీ వేసుకుని, మోకాలి మీద టోపీ పెట్టుకుని కూర్చున్నాడు. పోలీసు సార్జెంటు ఇరోఫా ఎర్ర దట్టీ బిగించుకుని, మా వలని రేవు రాళ్ళ మీద కుప్పగా పోయించి అంటించాడు. తడి నార కదా, ఒక పట్టాన అంటుకోలేదు. కిరసనాయిలు తెప్పించి మళ్ళీ అంటించాడు.

అది ఒకరి వల కాదు, ఫౌసికా దీవి మొత్తానిది. ఆడా మగా కూర్చుని తొడల మీద నార పురిపెట్టి ఏడాదిపాటు అల్లింది. మా దీవి మీద మొక్క నాటడానికి మట్టి లేదు. మా ముత్తాతలు సముద్రంలో మునిగి ఒక్కో రాయే తెచ్చి పేర్చుకున్న చోటు ఇది. చేపలు పట్టుకుని ఎదురుగా కనిపించే పెద్ద దీవి గట్టుకెళితేనే కొండవాళ్ళు మాకు దుంపలిస్తారు. వల కాల్చడమంటే మా పొయ్యిలో నీళ్ళు పోయడమే.

"పన్ను కట్టనోళ్ళకి వలెందుకూ? కట్టండి, మళ్ళీ అల్లుకోండి" అన్నాడు ఇరోఫా.

"ఒరే ఇరోఫా, మీ అమ్మ దుంపల గంపెత్తుకుని గట్టు మీద మా దగ్గరికే వచ్చేదిరా! ఈ వల చేపలు తినే నీకీ కండలొచ్చాయి" అని అరిచింది ఓ ముసలామె. అతను తల తిప్పుకున్నాడు.

రేపు పొద్దున మళ్ళీ వస్తానని, పన్ను కట్టని ప్రతి మగవాణ్ణీ జైలుకి తీసుకుపోతానని దొర చెప్పాడు. పడవ గట్టువైపు వెళ్ళిపోయింది. మేము బూడిద చుట్టూ నిలబడ్డాం. ఏడ్చే ఓపిక కూడా ఎవరికీ లేదు.

ఆ పెద్ద దీవి మలైటా అంతటా అప్పటికి అదే నడుస్తోంది. యుద్ధంలో మా మగవాళ్ళు అమెరికా సైన్యానికి పెట్టెలు మోశారు. అక్కడ తమలాంటి నల్లవాళ్ళు బూట్లేసుకుని లారీలు నడపడం కళ్ళారా చూసి వచ్చారు. వచ్చాక ఇంక తెల్లోడి కొబ్బరితోటల్లో చిల్లరకి చాకిరీ చెయ్యం అన్నారు, తలపన్ను కట్టం అన్నారు, మా తగవులు మేమే తీర్చుకుంటామన్నారు. ఎవరూ లొంగకూడదని ఊరూరా కట్టు కట్టారు. సర్కారు ఊరూరా జైలుకి పట్టుకుపోయింది.

మా ఆయన మిసితానా అప్పటికే రెండుసార్లు వెళ్ళొచ్చాడు. అక్కడ సర్కారు రేవు కట్టడానికి రాళ్ళు కొట్టి కొట్టి దగ్గు తెచ్చుకున్నాడు. రెండోసారి వచ్చాక పడవ నీళ్ళలోకి తొయ్యడానికి కూడా నా సాయం కావాల్సొచ్చేది. మూడోసారి వెళితే ఇక రాడని నాకు తెలుసు. ఆయనకీ తెలుసు. ఇద్దరం ఆ మాట పైకి అనుకోలేదు.

ఆ సాయంత్రం రేవు దగ్గరే కూడారు. మగవాళ్ళు అటు, ఆడవాళ్ళం మా వైపు రాళ్ళ మీద ఇటు.

"కట్టేది లేదు. వల కాలిస్తే గాలం వేస్తాం" అన్నాడు లదోమే. వాడికి పెళ్ళాం లేదు, దగ్గూ లేదు. అమెరికా వాళ్ళిచ్చిన చొక్కా ఇంకా వేసుకునే తిరుగుతున్నాడు.

నాకు కడుపు మండింది. "గాలానికెంత పడుతుందిరా, నీ ఒక్కడి పొట్టకి సరిపోతుంది. జైలుకెళ్ళి నువ్వు పాటలు పాడుకుంటావు. మా ఆయన రక్తం కక్కుకుంటాడు. ఈ ఒక్కసారికి కట్టేస్తే మీ పౌరుషం సముద్రంలో కొట్టుకుపోద్దా?"

"వదినా, ఒకడు కడితే అందరూ కట్టినట్టే."

"వదినా గిదినా అనకు. నీ కట్టు పట్టుకుని ఎన్నాళ్ళు వేలాడాలి? మీరు లోపలుంటే ఇక్కడ పిల్లల నోట్లోకి ఎవడు తెస్తాడు?"

ఆడవాళ్ళలో సగంమంది నావైపు తలూపారు. మగవాళ్ళలోనూ కొందరు నేల చూపులు చూశారు. అందరం అలిసిపోయి ఉన్నాం. నేను ఆ మాట అన్నందుకు లోపల లోపల సంతోషించినవాళ్ళే ఎక్కువ.

మిసితానా గొంతు సవరించుకుని, "ఊరుకోవే" అన్నాడు. అంతలోనే దగ్గు అందుకుంది.

అప్పుడు కొనాయి పెద్దయ్య వక్క నములుతున్నవాడు ఉమ్మేసి లేచాడు. మా దీవికి ఆయనే పెద్ద. ఏళ్ళ తరబడి అందరిచేతా దగ్గరుండి పన్ను కట్టించిందీ ఆయనే.

"నన్నో మాట అడగనివ్వండి దొరని. మా తాత కాలంలో మనవాళ్ళు వాళ్ళ ఓడ ఒకటి తగలబెట్టారు. మనుషులు చచ్చారు. ఆ తర్వాతే ఈ పన్నొచ్చింది. చంపినోళ్ళు తప్పు కింద గవ్వల దండలిచ్చుకోవాలి, చచ్చినోళ్ళ తరపువాళ్ళు పుచ్చుకోవాలి, ఇద్దరూ కలిసి తినాలి. అక్కడితో పగ తీరిపోద్ది. మన పద్ధతి అదే కదా. ఈ పన్ను ఆ చావులకే అనుకుని నోరెత్తకుండా కట్టించాను. వాళ్ళు తిండికెప్పుడొస్తారా అని చూస్తానే ఉన్నాను. రేపు నేనే పిలుస్తాను. తిన్నాడా, ఇంక పన్ను లేదు, జైలూ లేదు."

మా ముసలివాళ్ళందరూ ఇన్నేళ్ళూ అలాగే అనుకున్నారని అప్పుడే తెలిసింది. నిజం చెప్పాలంటే నాకు ప్రాణం లేచొచ్చింది. ఒక్క పూట భోజనంతో మా ఆయన బతుకుతాడంటే నేను సముద్రం తోడి వండమన్నా వండుతాను.

పొద్దున్నే దుంపలు దంచి, కొబ్బరిపాలు పోసి, ఆకుల్లో చుట్టి కాల్చిన రాళ్ళ మధ్య పెట్టాం. గాలానికి పడిన నాలుగు చేపలూ కాల్చాం. తమలపాకు, వక్క, సున్నం సిద్ధం చేశాం. దొర పడవ దిగేసరికి కొనాయి పెద్దయ్య ఆకులు పరిచి, మెడలో గవ్వల దండ వేసుకుని ఎదురెళ్ళాడు.

"దొరా, మీ ఓడకి మేమివ్వాల్సింది నా పడుచుతనం నుంచీ ఇస్తానే వచ్చాం. ఇంక చాలు కదా. కూర్చో. ఓ ముద్ద తిను. మీకూ మాకూ పగలేదు."

ఇరోఫాకి ఆ మాటలకి అర్థం తెలుసు. అతనూ ఆ పద్ధతిలో పుట్టినవాడే. దొర భాషలో చెప్పడానికి తటపటాయించాడు. దొర గద్దించాక చెప్పాడు.

దొర మొహం చిట్లించాడు. "ఏ ఓడ?" అన్నాడు.

పెద్దయ్య ఊరు పేరు చెప్పాడు, రేవు పేరు చెప్పాడు. దొరకి ఏమీ తెలియదు. తమవాళ్ళు చచ్చిపోయిన సంగతే అతనికి తెలియదు.

"ఓడకీ దీనికీ సంబంధం లేదు. ఇది రాజుగారి పన్ను. ఆయన పాలిస్తున్నాడు కాబట్టి కట్టాలి" అని ఇరోఫా చేత చెప్పించాడు.

"మరి మేం చేసిన తప్పేంటి?"

"తప్పేమీ లేదు."

"తప్పు లేకపోతే ఎందుకిమ్మంటారు? పోనీ, ఎప్పటిదాకా?"

దొర విసుగ్గా నవ్వాడు. చెడ్డగా కూడా నవ్వలేదు, పసివాడి ప్రశ్నకి నవ్వినట్టు నవ్వాడు. ఇరోఫా నేలకేసి చూస్తూ దొర చెప్పిన జవాబు మా భాషలో చెప్పాడు: "మీరు బతికున్నంత కాలం. తర్వాత మీ పిల్లలు. వాళ్ళ తర్వాత వాళ్ళ పిల్లలు."

ఆకుల మీద దుంపల ముద్ద చల్లారిపోతోంది. పెద్దయ్య మావైపు తిరిగాడు. ఆ మొహం చూడలేకపోయాను. "నేను పొరపడ్డానర్రా. వీళ్ళకి మనతో పగ కూడా లేదు" అన్నాడు. పగైతే ఎప్పటికైనా తీరిపోతుంది. ఇదేమిటో దీనికి చివరే లేదు. ఈ ఒక్కసారికి కట్టేద్దామని నిన్న అరిచింది నేనే. ఆ ఒక్కసారి అన్నది లేనే లేదన్నమాట.

ఇరోఫా పేర్లు పిలవడం మొదలెట్టాడు. మొదటి పేరుకే పెద్దయ్య కదిలాడు. "నీకు వయసు దాటింది, నీకు పన్ను లేదు" అన్నాడు ఇరోఫా. "అయితే ఏంటి? నా పడవ, నా తెడ్డు" అంటూ వెళ్ళి ఎక్కి కూర్చున్నాడు. నిన్న నేల చూపులు చూసినవాళ్ళే ఆయన వెనక ముందుగా పడవల్లోకి దిగారు.

నేను మా పడవ నీళ్ళలోకి తోశాను. మిసితానా నావైపు చూశాడు.

"నువ్వెక్కడికే?"

"నువ్వు తెడ్డెయ్యగలవా? లేవు కదా. ఎక్కు."

నన్ను చూసి మిగతా ఆడవాళ్ళు పిల్లల్ని చంకనేసుకుని పడవల్లోకి దిగారు. ఆకుల్లో తిండి కూడా చుట్టుకున్నాం. వండింది పారేసుకోవడం దేనికి? మధ్యాహ్నానికి సర్కారు రేవు చేరేసరికి వేరే దీవుల పడవలూ వస్తున్నాయి. జైలు కంచెలోపల అప్పటికే మనుషులు ఒకళ్ళ మోకాళ్ళకి ఒకళ్ళు ఆనుకుని కూర్చుని ఉన్నారు. మేము గేటు ముందు ఇసకలో కూలబడ్డాం. ఎవరూ నినాదం ఇవ్వలేదు. లదోమే కూడా ఇవ్వలేదు.

దొర అటూ ఇటూ తిరిగాడు. ఇంతమందికి బియ్యం ఎక్కణ్ణుంచి తేవాలో అతనికి అంతు చిక్కినట్టు లేదు. చివరికి మా ముందు ఆగాడు. మా ఆయన అప్పుడే దగ్గి ఇసకలో ఉమ్మాడు. ఇసక ఎర్రబడింది. దొర అది చూసి ఇరోఫాతో ఏదో అన్నాడు.

ఇరోఫా నా పక్కన గొంతుక్కూర్చుని మెల్లగా చెప్పాడు. "అక్కా, మీ ఆయనకి ఒంట్లో బాలేదంట కదా. దొర ఈ ఏటికి పన్ను మాఫీ చేశాడు. ఇంటికి తీసుకుపో."

నిన్న సాయంత్రం ఈ మాట వినుంటే అతని కాళ్ళు మొక్కేదాన్ని. ఇప్పుడూ ఆశ పుట్టలేదంటే అబద్ధం. మిసితానా చెయ్యి పట్టుకున్నాను. ఎముకలు తగిలాయి. నేనేం చెప్పినా వింటాడని తెలుస్తూనే ఉంది. చుట్టూ అందరూ మా ఇద్దరికేసే చూస్తున్నారు. వాళ్ళ మగవాళ్ళకి మాఫీ లేదు.

"అందరికీనా?" అని అడిగాను.

"ఒక్క మీ ఆయనకే."

నేను లేచి నిలబడ్డాను. మిసితానాని రెండు చంకల కిందా పట్టుకుని లేపాను. గేటు దాకా నడిపించుకుంటూ వెళ్ళాను. వెనక అందరూ లేవడం వినిపించింది.

"దొరకి చెప్పు ఇరోఫా" అన్నాను. "ముందు మా ఆయన్ని లోపల పెట్టుకోమని చెప్పు. గేటు తియ్యి."